గదిలో నిలిపిన సాయంత్రం

మా ఊళ్లో నీళ్లకు వంతులున్నట్టే కాలానికీ వంతులుండేవి. ఇప్పటి పిల్లలకు చెబితే నవ్వుతారు, నవ్వనీ. ముజ్‌బెల్ కొండ మీద కట్ట ఉండేది. కట్ట నుంచి రాగి కాలువ, ఆ కాలువ మీద ఇంటింటికీ ఒక తూము. తూము కడ్డీని కుడికి తిప్పితే కాలం పారేది, ఎడమకు తిప్పితే ఆగేది, నడిమికి తెస్తే మూసేసినట్టు. వంతు వచ్చిన రోజు తోటకు పారించామంటే, పొద్దున పచ్చిగా ఉన్న ఖుబానీలు మధ్యాహ్నానికి పండి, సాయంత్రానికి కప్పు మీద ఎండిపోయేవి. గదికి ఆపామంటే పాలు విరిగేవి కావు, పెళ్లి భోజనం చల్లారేది కాదు, ఆలస్యంగా వచ్చే చుట్టానికి కూడా వేడి రొట్టె దొరికేది. ఎవరి వంతు ఎప్పుడో చూసుకోవడానికి తోఖ్తి మామ ఉండేవాడు. ఊరి తూములన్నిటికీ సరిపోయే ఇనప తాళంచెవి ఆయన నడుముకు వేలాడుతూ ఉండేది. ఈ కాలమంతా ఎక్కడిదని మేమెప్పుడూ అడగలేదు. కొండ మీది నుంచి వస్తోంది, వాడుకుంటున్నాం, అంతే.

నా పేరు గౌహర్. మొగుడితో పొసగక పుట్టింటికి వచ్చేశాను. నా నోటి వల్లే పొసగలేదని అమ్మ అంటుంది. అతని చెవుల వల్ల అని నేనంటాను. ఇంట్లో అమ్మ, నేను, నా తమ్ముడు ఓర్మన్, వాడి పెళ్లాం చిమెన్. చిమెన్‌కి నెలలు నిండాయి. సరిగ్గా అప్పుడే కట్ట మీద పనికి ఓర్మన్ పేరు వచ్చింది.

వాడు బయల్దేరిన పొద్దు నాకింకా కళ్లకు కట్టినట్టుంది. గాడిద మీద మూట కడుతూ, ఎడమ మడమతో కుడి పిక్క గోక్కుంటున్నాడు. నిలబడి ఏదైనా ఆలోచిస్తుంటే వాడికి చిన్నప్పటి నుంచీ అదే అలవాటు.

"మొదటి పండు రాలే లోపు వచ్చేస్తా," అన్నాడు.

"నువ్వు రాకపోతే నేనేం చెయ్యాలి? నీ బిడ్డని కాస్త ఆగమని బతిమాలనా?" అంది చిమెన్, రెండు చేతులూ నడుం మీద పెట్టుకుని. ఆ పొట్టతో ఆమె నిలబడితే వాకిలంతా నిండిపోయినట్టుండేది.

"వస్తానన్నాగా."

"కొండెక్కినవాడు ఒక్కడైనా నల్లజుట్టుతో దిగాడా? మీ బాబాయినే చూడు. వెళ్లేటప్పుడు పెళ్లికొడుకు, వచ్చేటప్పుడు తాత. నెరిసిన గడ్డంతో వచ్చావనుకో, గుమ్మం ఎక్కనివ్వను. చెబుతున్నా."

"కొండగాలి అలాంటిది. ఏం చేస్తాం? రోజూ నూనె రాసుకుంటాలే."

"ఏ నూనె?"

"నువ్వేది ఇస్తే అది."

ఆమె లోపలికి వెళ్లి ఖుబానీ గింజల నూనె సీసా తెచ్చి వాడి చేతిలో పెట్టింది. అప్పుడు ఇద్దరూ నవ్వుకున్నారు. నేనూ నవ్వాను. కొండగాలికి జుట్టు త్వరగా నెరుస్తుందన్నది మా లోయలో పాలు తెల్లగా ఉంటాయన్నంత మామూలు మాట.

ఇక్కడ మా ఆచారం ఒకటి చెప్పాలి. పుట్టిన బిడ్డ మొదటి మాట తండ్రి నోటి నుంచే వినాలి. అంతదాకా ఆ గదిలో ఎవరూ నోరు విప్పకూడదు, కన్నతల్లి అయినా సరే. తండ్రి బిడ్డను తూము దగ్గరికి ఎత్తుకెళ్లి, ఆ చిన్న వేళ్లు కడ్డీ మీద పెట్టి, "ఇదిగో నీ వంతు" అనాలి. అప్పుడే ఆ బిడ్డకు కాలువలో వాటా. పుట్టగానే తండ్రి చేతుల్లో పడని బిడ్డకు జీవితాంతం వంతు ఉండదు. మా అమ్మ సాదత్ అలాంటి బిడ్డే. ఆమె పుట్టినప్పుడు తాత ఊళ్లో లేడు. ఊరందరి కప్పుల మీదా పళ్లు ఎండుతుంటే పుట్టింట్లో తన పేరిటి తోటలో ఇంకా పూత రాలుతుండేదని, ఆ తోట వైపు చూసి ఆడపిల్లలు నవ్వేవాళ్లని అమ్మ ఒకే ఒక్కసారి చెప్పింది. ఆమెకు పెళ్లి కుదరడం కూడా ఎంతో ఆలస్యమైంది. ఆ మాట వచ్చినప్పుడల్లా మాత్రం ఇల్లు ఊడవడం మొదలుపెట్టేది.

పళ్లకు ఎరుపు తిరుగుతున్న రోజుల్లో, ఒక సాయంత్రం చిమెన్‌కి నొప్పులు మొదలయ్యాయి. మొదటి పండు ఇంకా రాలలేదు. ఓర్మన్ రాలేదు.

అమ్మ తోఖ్తి మామను పిలిపించింది. ఆయన వచ్చి, తాళంచెవి చేతిలో పట్టుకుని నసుగుతూ నిలబడ్డాడు.

"పైనుంచి కబురొచ్చింది సాదత్. ఆపడం తగ్గించమంటున్నారు. లోయలో అందరూ ఆపేవాళ్లే అయిపోయారట, పారించేవాళ్లు లేరట. కట్ట నిండి బరువెక్కిందంటున్నారు. ఎవరి వంతు వాళ్లు తోటలకి పారించుకోమన్నారు."

"అయితే ఇప్పుడు నా కోడల్ని పారించమంటావా?"

"నేనలా అన్నానా?"

"మరేమంటున్నావ్? ఎల్లుండో, ఆ మర్నాడో వాడొచ్చేస్తాడు. అంతదాకా ఆపు. నా ఇంట్లో ఇంకో వంతులేని పిల్ల పుట్టడానికి వీల్లేదు."

తోఖ్తి మామ నా వైపు చూశాడు. నేను చిమెన్ వైపు చూశాను. ఆమె మంచం మీద కూర్చుని, ఒక నొప్పి దాటిపోయాక నుదురు తుడుచుకుంటోంది.

"ఆపండి మామయ్యా, నాదేం పోయింది?" అంది. "నాకు ఒక్క పూటే కదా. కానీ వదినా, ఆ ద్రాక్ష గిన్నె ఇలా పెట్టి వెళ్లు. కిటికీలో ఓ రొట్టె కూడా ఉంచు. ఒక్కదాన్నీ ఊరికే కూర్చోలేను."

మేం బయటికొచ్చి తలుపు వేశాం. మామ కడ్డీని ఎడమకు తిప్పాడు. కాలువలో రాగి సన్నగా మూలిగినట్టైంది, తర్వాత నిశ్శబ్దం.

ఆ తర్వాత ఆ కిటికీలోంచి ఎప్పుడు చూసినా లోపల సాయంత్రమే. బయట తెల్లవారేది, ఎండ ముదిరేది, దుమ్ము లేచేది. గదిలో మాత్రం గోడ మీద అదే పసుపు వెలుతురు, చిమెన్ చేతిలో అదే ద్రాక్షపండు, నోటికి సగం దూరంలో. ఒక ఈగ గిన్నె మీద గాలిలో నిలబడి ఉండేది. రోజుకోసారి చూస్తే అది ఒక వేలెడు జరిగి ఉండేది. కిటికీ పరదా గాలికి లేవడం మొదలుపెడితే అది పూర్తిగా లేచేసరికి మా తోటలో ఒక చెట్టు కాయ కోయడం అయిపోయేది. నేను పని మధ్యలో వచ్చి ఆ కిటికీ దగ్గర నిలబడేదాన్ని. అలా చూస్తుంటే నాకే నిద్ర ముంచుకొచ్చేది. మెలకువలోనే ఎవరో జోకొడుతున్నట్టుండేది. ఆ కిటికీ దగ్గర నిలబడినంతసేపూ నాకు ఎవరి మీదా కోపం వచ్చేది కాదు, మా ఆయన మీద కూడా.

మొదటి పండు రాలింది. రెండోదీ రాలింది. ఓర్మన్ రాలేదు.

చిమెన్ ఏదో తలచుకుని నవ్వడం మొదలుపెట్టి వారమైంది. ఆ నవ్వు ఇంకా పెదవుల చివరికి చేరలేదు. అది చూసి నేను ఉండబట్టలేకపోయాను. ఆపిన గదిలోకి ఎవరూ వెళ్లకూడదు. వెళ్తే లోపల నాలుగు మాటలకు బయట ఎన్ని రోజులు పోతాయో తెలియదు. ఆ సంగతి తెలిసే వెళ్లాను. అమ్మ పెరట్లో తందూరు దగ్గర ఉన్నప్పుడు చెంబుతో నీళ్లు పట్టుకుని తలుపు తోశాను.

గడప దాటగానే చెవుల్లో గాలి మారింది. ఈగ రయ్యిమని ముఖం పక్కనుంచి పోయింది. చిమెన్ నవ్వు పూర్తయింది.

"ఇప్పుడేగా వదినా తలుపేశారు! అప్పుడే బెంగ పెట్టుకున్నావా?"

"నీళ్లు తెచ్చా."

"మీ తమ్ముడు వచ్చాడా?"

"ఇంకా లేదు."

"నేనూ పిచ్చిదాన్ని. ఒక్క పండు తిన్నానో లేదో, అప్పుడే అడుగుతున్నా." ఆమె నీళ్లు తాగింది. చెంబు దించాక నా ముఖం వైపు పరీక్షగా చూసింది. "బయట ఎన్నాళ్లయింది?"

"రెండు రోజులు."

"కళ్ల కింద అంత నలుపేంటి, రెండు రోజులకే? అబద్ధం ఆడటం నీకు చేతకాదు వదినా. తిట్టడమొక్కటే వచ్చు."

నొప్పి వచ్చింది. నా మణికట్టు పట్టుకుంది. అది పోయాక ఆమె గోడకు ఆనుకుని, మెల్లగా, నాతో కాకుండా పొట్టతో అన్నట్టుగా అంది:

"మీ అందరి వేసవీ నా ఒక్క సాయంత్రానికే ఖర్చయిపోతోందంటే నాకు సిగ్గుగా ఉంది. అత్తయ్యతో చెప్పు, ఇక చాలని. దీనికి వంతు లేకపోతే నా వంతు నేనిస్తాను."

"ఆమె ఒప్పుకుంటుందా?"

"ఒప్పుకోదు. అయినా చెప్పు. నేను అడిగానని చెప్పు."

బయటికొచ్చేసరికి చెట్ల మీద ఒక్క పండు లేదు. కప్పులన్నీ ఎండిన ఖుబానీలతో ఎర్రగా ఉన్నాయి. అమ్మ ఒక్కతే కోసి, మోసి, పరిచినట్టుంది. చేతులు నల్లబడి, దవడలు లోపలికి పోయి ఉన్నాయి.

"ఎక్కడ చచ్చావే ఇన్నాళ్లూ?" అంది. ఆ మాటతోనే నా భుజం మీద తల ఆనించి ఏడ్చింది. చిమెన్ అడిగిన మాట చెప్పాను. అమ్మ కళ్లు తుడుచుకుని చీపురు అందుకుంది.

ఆ తర్వాత కాలువ పాడవడం మొదలైంది. వంతు ఎవరిదైనా కాలం తిన్నగా వచ్చేది కాదు, కుదుపులతో వచ్చేది. మా తోటలో ఒకే చెట్టుకు ఒక కొమ్మ పూసింది, పక్క కొమ్మ ఆకు రాల్చింది. ఎదురింటి కోడిపుంజు మధ్యాహ్నం మూడుసార్లు కూసి, అలసిపోయి నిద్రపోయింది. ఊళ్లోవాళ్లు భయపడి గదులు తెరుచుకోసాగారు. ఆపిన పెళ్లి భోజనాలు, దాచిన మంచి రోజులు, ఎప్పుడో మూసిన చంటిపిల్లల ఉయ్యాళ్లు అన్నీ బయటికొచ్చాయి. మా వీధిలో ఒక్కో తూమూ మూసుకుంది. చివరికి మా ఒక్క గదే మిగిలింది.

ఒక పొద్దున మా వీధివాళ్లంతా మా వాకిట్లోకి వచ్చారు. తిట్టడానికొచ్చారనుకుని నేను నడుం బిగించాను. వాళ్లు తిట్టడానికి రాలేదు. తోఖ్తి మామ గొంతు సవరించుకున్నాడు.

"సాదత్, మా వీధి వంతులన్నీ నీ గదికి రాసేశాం. మాకు వాడుకునే ధైర్యం లేదు. నీకు అవసరం ఉంది. ఓర్మన్ వచ్చేదాకా వాడుకో."

మా ఊళ్లో ఇంతకంటే పెద్ద కానుక లేదు. చచ్చిపోయేవాళ్లకు, దూరంనుంచి బిడ్డలు వచ్చేదాకా ఇలా వంతులిచ్చేవాళ్లు. అమ్మ అందరికీ టీ పోసింది.

"పక్క ఊరికి కట్ట మీంచి మనుషులు దిగుతున్నారట," అన్నాడు మామ వెళ్తూ వెళ్తూ, నాకు మాత్రమే వినపడేలా. "వచ్చినవాళ్లు వచ్చినట్టే తలుపులేసుకుంటున్నారట. పలకరించబోతే ఇంట్లోవాళ్లు పొమ్మంటున్నారట. ఎందుకో ఏమో!"

"మావాడు కనపడ్డాడా?"

"అడిగించాను. లేడు."

వీధి వంతులన్నీ చేరాక మా గది ఇంకా నిదానించింది. ఈగ కదలడం మానేసింది. చిమెన్ కనురెప్ప ఒకటి వాలడం మొదలుపెడితే నేను ఒక బుట్ట ఎండు పళ్లు ఏరి వచ్చేసరికి కూడా వాలుతూనే ఉంది. ఎంత అందంగా ఉందో! నిజం చెబుతున్నా, ఆ వేసవిలో మా లోయలో చెడిపోనిది ఆమె ముఖం ఒక్కటే అనిపించేది.

తర్వాత ఒక రోజు కిటికీలో పెట్టిన రొట్టె మీద నా చూపు పడింది. దాని మీద పచ్చగా బూజు పట్టి ఉంది.

నేను కిటికీకి ముఖం ఆనించి చూశాను. గిన్నెలో కిటికీ వైపు ద్రాక్షలు ముడతలు పడి ఎండిపోయాయి, గోడ వైపువి తాజాగా, నీటిబొట్టుతో సహా ఉన్నాయి. చిమెన్ రెండు జడలు వేసుకుంది. గోడ వైపు జడ ఎప్పటిలాగే నడుం దాకా ఉంది. కిటికీ వైపు జడ మోకాళ్లు దాటి, మంచం మీది నుంచి నేల మీదికి జారి ఉంది.

"అమ్మా!" అని అరిచాను.

అమ్మ పిండి చేతులతోనే వచ్చింది. చూసింది. రొట్టె చూసింది, ద్రాక్ష చూసింది, జడ చూసింది.

"గదిలోనే సగం ఒకలా, సగం ఒకలా పోతోంది," అన్నాను. "కడుపులో కూడా ఇలాగే అయితే? ఒక చెయ్యి పెరిగి ఒక చెయ్యి పెరక్కపోతే? వంతుతో పుట్టాలా, ప్రాణంతో పుట్టాలా? ఏదో ఒకటి చెప్పు!"

అమ్మ మరోసారి ఆ జడ వైపు చూసింది. తర్వాత చేతుల పిండి కొంగుకు తుడుచుకుంటూ నడిచి వెళ్లి, తూము కడ్డీ పట్టుకుని నడిమికి లాగింది. తోఖ్తి మామను పిలవలేదు, తాళంచెవి అడగలేదు. కడ్డీ అంత సులువుగా వచ్చేస్తుందని మాకెవరికీ తెలియదు.

"తందూరులో రొట్టెలు మాడుతున్నాయి, వెళ్లి తియ్యి," అంది నాతో.

ఆ రోజే చిమెన్ ప్రసవించింది. ఆడపిల్ల. రెండు చేతులూ ఒకేలా ఉన్నాయి. వేళ్లు ఒక్కొక్కటే పట్టుకుని అమ్మే చూసింది. పిల్ల ఏడుపు వినపడగానే మేం ముగ్గురం నోటికి చేతులు అడ్డం పెట్టుకున్నాం. వంతు ఎలాగూ పోయింది, కానీ మొదటి మాట మాత్రం తండ్రిదే కావాలని అమ్మ పట్టు. చిమెన్ తలూపింది. గడగడా మాట్లాడే మనిషి, పెదవులు బిగించుకుని పిల్లకు పాలిస్తూ, ఏమైనా కావాలంటే నాకు వేళ్లతో సైగ చేసేది. ఆ పొడవాటి జడను కత్తిరించనివ్వలేదు. ముడి చుట్టి తలగడ కింద పెట్టుకుంది.

ఆ ఇంట్లో అంత నిశ్శబ్దాన్ని నేనెప్పుడూ వినలేదు. అందరం కాళ్ల వేళ్ల మీద నడిచేవాళ్లం. మాట్లాడాలంటే పెరటి చివరికి పోయేవాళ్లం. పొద్దు మామూలుగా పొడిచేది, మామూలుగా కుంకేది. తొందరపెట్టకుండా, పట్టి ఆపకుండా పొద్దును ఎప్పుడూ చూడలేదు కదా, నాకు అది కొత్తగా, కాస్త మత్తుగా ఉండేది. నీడ గోడ ఎక్కుతుంటే కూర్చుని చూసేదాన్ని.

పెరటి చివరే తోఖ్తి మామ ఆ కబురు చెప్పాడు. "కట్ట ఖాళీ అయిపోయింది సాదత్. తెగలేదు. ఎవరో పైనుంచి దాన్ని నెమ్మదిగా వదిలేశారు. ఎవరికీ ఏమీ కాలేదు. కానీ ఇక తూము తిప్పినా ఏమీ రాదు." ఆయన నడుముకున్న తాళంచెవిని తీసి చూసి, మళ్లీ అక్కడే తగిలించుకున్నాడు.

"అయితే వంతులు?"

"ఇంకెక్కడి వంతులు?"

అమ్మ నవ్వింది. నవ్వలా మొదలై ఇంకేదోలా అయింది. తన జీవితమంతా ఏ వంతు లేదని తలదించుకు తిరిగిందో, ఆ వంతు ఇప్పుడు ఎవరికీ లేదు.

కొన్నాళ్ల తర్వాత, ఒక మధ్యాహ్నం. అమ్మ తందూరులోంచి రొట్టెలు తీస్తోంది. నేను కప్పు మీద ఎండిన పళ్లు మూటలు కడుతున్నాను. వాకిట్లో కర్రతో ఒక ముసలాయన నిలబడ్డాడు. తెల్లటి గడ్డం ఛాతీ దాకా ఉంది. పక్క ఊరి పెద్దమనిషి ఎవరో దారి తప్పి వచ్చారనుకున్నాను. మా అమ్మకంటే పదేళ్లయినా పెద్ద.

అమ్మ ఎదురెళ్లి, వేడి రొట్టె ఒకటి రెండు చేతులతో అందించింది.

"రండి పెద్దాయనా, నీడలో కూర్చోండి. కాస్త నెమ్మదిగా మాట్లాడండి, ఏమీ అనుకోకండి. లోపల పసిబిడ్డ ఉంది. వాళ్ల నాన్న ఇంకా రాలేదు."

ముసలాయన రొట్టె తీసుకోలేదు. అలా నిలబడి, ఎడమ మడమతో కుడి పిక్క గోక్కున్నాడు.

నేను కడుతున్న మూట వదిలేసి కప్పు అంచుకు వచ్చాను.

"అమ్మా," అన్నాడు గుసగుసగా. "వచ్చాను."

అమ్మ చేతిలో రొట్టె కింద పడింది. ఆమె వాడి ముఖం తడిమింది. కళ్లు, బుగ్గలు, గడ్డం. ఆమె చేతుల పిండి వాడి గడ్డానికి అంటుకుంది. ఏది పిండో, ఏది వెంట్రుకో నాకు పైనుంచి తెలియలేదు.

"మన గది వల్లేనా నాయనా?" అంది అమ్మ.

"ఛ, కాదమ్మా," అన్నాడు ఓర్మన్. "కొండగాలి."

నిజం వాడు నాకొక్కదానికే చెప్పాడు, ఆ చలికాలంలో, తోటలో కొమ్మలు కొడుతూ. కట్ట మీద ఒక్కో తూముకు ఒక్కో కడ్డీ ఉంటుందట. కింద ఎవరైనా గదికి కాలం ఆపితే పైన ఆ కడ్డీ కిందికి దిగుతుంది. దాన్ని ఒక మనిషి పట్టుకుని ఉండాలి. వదిలేస్తే ఆపినదంతా ఒక్కసారిగా ఆ గది మీద పడుతుంది. కింద ఆగినదంతా పైన పట్టుకున్నవాడి మీదుగానే పోతుంది. మా గదిలో ఒక్క సాయంత్రం ఆగింది. అదంతా వాడి మీద ఏళ్లకేళ్లుగా గడిచింది.

"మన కడ్డీ దిగినరోజే అర్థమైంది, చిమెన్‌ని గదిలో పెట్టారని," అన్నాడు. "అది లేచిన క్షణం దిగొచ్చేద్దామని పట్టుకుని కూర్చున్నా. మిగతా కడ్డీలన్నీ ఒక్కోటీ లేచాయి. పట్టుకున్నవాళ్లు ఒక్కొక్కరే దిగిపోయారు. మనది మాత్రం ఒక రోజున ఇంకా బరువెక్కింది."

"వీధి వంతులన్నీ మనకిచ్చార్రా," అన్నాను. "నీ కోసమే ఆపాం. నువ్వు వచ్చేదాకా."

"తెలుసక్కా. మీరు నా కోసం ఆపారు. మీరు ఆపారని నేను పట్టుకున్నా." వాడు గొడ్డలి పక్కన పెట్టి చేతులు చూసుకున్నాడు. అరచేతుల్లో అడ్డంగా లోతైన గీత ఉంది. "మనది లేచాక, ఇంకెవరూ పట్టుకోనక్కర్లేకుండా కట్టను నెమ్మదిగా వదిలేసి వచ్చా. అమ్మకి మాత్రం ఇదేదీ చెప్పకు."

చెప్పలేదు. అమ్మ పోయింది కాబట్టి ఇప్పుడు చెబుతున్నాను. చిమెన్‌కి వాడు చెప్పాడో లేదో నాకు తెలియదు. వాళ్లిద్దరూ ఉన్నన్నాళ్లూ సంతోషంగానే ఉన్నారు. ఆ ఉన్నన్నాళ్లు ఎక్కువ కాలేదు, అంతే. పిల్ల పరిగెత్తడం నేర్చేదాకా వాడున్నాడు.

వాడు తిరిగొచ్చిన ఆ మధ్యాహ్నం, గది తలుపు దగ్గర ఆగిపోయాడు. గడప మీద కాలు పెట్టలేకపోయాడు. చిమెన్ పిల్లను ఒళ్లో పెట్టుకుని తలెత్తింది. ఆమెకు వాడు వెళ్లి మొత్తం ఎన్ని పూటలైందో లెక్క వేస్తే ఒక నెల కూడా కాదు. చాలాసేపు చూసింది. పిల్ల ఇంకా తండ్రి మాట వినలేదు, అందుకని ఆమె నోరు విప్పలేదు. వాడి గడ్డం వైపు వేలు చూపించింది. తర్వాత గుమ్మం వైపు చూపించింది. ఓర్మన్ తల దించుకున్నాడు. అప్పుడామె తలగడ కింది నుంచి తన పొడవాటి జడ తీసి వాడికి చూపించి, మంచం మీద పక్కకు జరిగి చోటిచ్చింది. కళ్ల నుంచి నీళ్లు అలా కారుతూనే ఉన్నాయి, తుడుచుకోలేదు.

వాడు పిల్లను ఎత్తుకున్నాడు. ముసలి చేతులైనా జారనివ్వలేదు. ఎంతో బరువును ఎంతోకాలం పట్టుకున్న చేతులవి. మేమంతా వాడి వెనకే తూము దగ్గరికి నడిచాం. అమ్మ, నేను, గోడ పట్టుకుని చిమెన్, ఎప్పుడొచ్చాడో తోఖ్తి మామ. ఎండిపోయిన కాలువ. పట్టు వదిలి ఊగుతున్న కడ్డీ. ఓర్మన్ పిల్ల వేళ్లను దాని మీద పెట్టాడు. పిల్ల గట్టిగా పట్టుకుంది. మేం ఆ మాట కోసం ఎదురు చూశాం. వాడు పిల్ల వేళ్లను ఒక్కొక్కటే కడ్డీ మీంచి విడదీసి తన వేలికి చుట్టుకున్నాడు.

"నీకు వంతు లేదు తల్లీ," అన్నాడు. "పొద్దంతా నీదే."

అమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. తోఖ్తి మామ ముఖం తిప్పుకున్నాడు. తండ్రి మాట అయిపోయింది, ఇక ఎవరైనా మాట్లాడొచ్చు.

చిమెన్ వాడి దగ్గరికి వచ్చి, గడ్డానికి అంటుకున్న పిండిని కొంగుతో తుడిచింది. తుడిచినా అది తెల్లగానే ఉంది.

"నూనె రాసుకోలేదా?" అంది.

"మర్చిపోయాను," అన్నాడు నా తమ్ముడు.